ఐదో వరుసలో ఖాళీ

నా చేతులకు ఊరుకోవడం రాదు. ఆదివారం ఆరాధనలో కళ్ళు మూసుకుని నిలబడ్డప్పుడు కూడా ముందు బెంచీ వీపు మీద లేచిన వార్నిషు పెచ్చుల్ని గోటితో గిల్లుతూ ఉంటాను. చిన్నప్పటి నుంచీ అదే బెంచీ కాబట్టి దాని మీద గోదావరి పాయలన్నీ ధవళేశ్వరం నుంచి సముద్రం దాకా చెక్కేశాను. అన్నీ అంటే కొంచెం ఎక్కువవుతుంది. రెండు పాయలు. మూడోది మొదలుపెట్టాను.

నోరు కూడా చేతుల బాపతే. నరసాపురం నుంచి మొగల్తూరు వెళ్ళే దారిలో ఉన్న మా ఊళ్ళో నన్ను కథలోడు అంటారు. కాలవ కట్టేసిన వేసవిలో ఒక కొర్రమేను గట్టెక్కి, రోడ్డు దాటి, మా బస్టాపు నీడలో ఆగి ఉండగా కళ్ళారా చూశానని చెప్పాను. భీమవరం బస్సు వచ్చినా అది ఎక్కలేదనీ, దానికి పాలకొల్లులో పని ఉందనీ కూడా చెప్పాను. యానాంలో మా మేనమామ ఇంట్లో ఫ్రెంచి దొర వదిలేసి పోయిన చిలక ఉండేదనీ, అది తెలుగులో తిట్టి ఫ్రెంచిలో క్షమాపణ అడిగేదనీ చెప్పాను. వినేవాళ్ళు నవ్వుతారు, ఇంకో టీ చెబుతారు, నమ్మరు. నమ్మకపోవడం వల్ల నాకు ఎప్పుడూ ఇబ్బంది కలగలేదు, ఈ మధ్యదాకా.

బతుకుదెరువుకి నేను బడి గుమాస్తాని. కంప్యూటర్లో నాకు వచ్చిందల్లా వర్డ్ ఒక్కటే. టైంటేబుళ్ళు, వార్షికోత్సవం కరపత్రాలు, బంధువుల పెళ్ళి పత్రికలు, ఆఖరికి మా వంటింటి ప్లాను కూడా అందులోనే గీశాను. బొమ్మలు గీయడానికి వేరే సాఫ్ట్‌వేర్లు ఉంటాయండీ అని బళ్ళో కుర్ర మాస్టార్లు చెబుతారు. ఉంటాయి. పడవ ఉన్నవాడు పడవలో వెళతాడు, నేను అరటి బోదె మీద దాటతాను. పైగా వర్డ్‌లో గీతలతో ఆడుకోవడం నాకొక జబ్బు. ఒక గీతను పట్టుకుని ఎడిట్ పాయింట్స్ అని నొక్కితే దాని పొడవునా నల్ల చుక్కలు లేస్తాయి. ఏ చుక్కను పట్టుకుని లాగితే గీత అటు వంగుతుంది. ఊరుకోలేని చేతులున్నవాడికి అది పేకముక్కల కన్నా ప్రమాదం.

మాది దొరల కాలంలో కట్టిన లూథరన్ గుడి. వెనకాల సమాధుల తోట. తోటకి ఒక పక్క పంట కాలవ, ఇంకో పక్క రొయ్యల చెరువుల గట్టు. కాలవకి నీళ్ళొదిలారంటే తోటలో రెండడుగులు తవ్వేసరికి ఊట ఊరుతుంది. అందుకని మెరకగా ఉన్న మేరలోనే పాతిపెట్టాలి, ఆ మేర దాదాపు నిండిపోయింది. ఎక్కడ ఎవరున్నారో చెప్పే పాత పటం ఒకటి ఉండేది. గుడ్డ అంటించిన కాగితం, సిరా గీతలు. మడతల దగ్గర చిరిగి, విప్పినప్పుడల్లా కొంత పొడి రాలేది. రెండేళ్ళ కిందట సంఘం సెక్రటరీ గారు దాన్ని కంప్యూటర్లోకి ఎక్కించమన్నారు. ఆయన రిటైరైన పోస్టుమాస్టరు, ఏ కాగితమైనా నాలుగు మూలలూ సమంగా ఉంటేగాని ముట్టుకోరు.

"బాక్సులే గదా తమ్ముడూ, నీకు చిటికెలో పని," అన్నారు.

శనివారం మధ్యాహ్నాలు సంఘం ఆఫీసు గదిలో కూర్చుని గీశాను. ఆయనే గది తాళం తీసి, కంప్యూటరుకి పాస్‌వర్డ్ కొట్టి, పక్కన పేపరు చదువుకుంటూ కూర్చునేవారు. పాస్‌వర్డ్ కొట్టేటప్పుడు మాత్రం నన్ను కిటికీలోంచి బయటికి చూడమనేవారు.

మొదటి సమాధికి ఒక పెట్టె గీశాను. కంట్రోల్ పట్టుకుని డి నొక్కితే దానికి కవల పుట్టింది. కవలకి ఇంకో కవల. నాలుగు శనివారాల్లో తోటలో ఉన్నవాళ్ళందరూ నా తెర మీదికి వచ్చేశారు. కాలవను చేత్తో గీసినట్టు గీసి, చుక్కలు లాగి, నిజంగా ఎక్కడ వంపు తిరుగుతుందో అక్కడ తిప్పాను. ఎవరి కంటికీ ఆననంత చిన్న పడవ ఒకటి అందులో వేశాను. వేపచెట్టుకి మేఘం ఆకారం తీసుకుని ఆకుపచ్చ పోశాను. సెక్రటరీ గారు కళ్ళద్దాలు పైకి తోసి చూసి, బాగుందన్నారు.

ఐదో వరుస దగ్గరకి వచ్చేసరికి పాత పటంలో ఒక విచిత్రం కనిపించింది. ఆ వరుసలో పదకొండు సమాధులు. ఆరోదానికీ ఏడోదానికీ మధ్య ఒక ఖాళీ, ఖాళీలో పెన్సిలుతో చుక్కల గీతల పెట్టె. ఆరోది మా టీచర్ గారి భర్తది. ఆయన పోయినప్పుడు, అప్పుడు గుడికి పాస్టరుగా ఉన్న అయ్యగారు పక్క చోటు ఆవిడకి ఉంచుతానని మాటిచ్చి ఆ చుక్కలు గీశారు. ఆ అయ్యగారూ పోయారు. మాటకి సాక్ష్యం ఆ పెన్సిలు గీత ఒక్కటే. రిజిస్టరులో పోయినవాళ్ళ పేర్లు, వరుస నంబరు, వరుసలో ఎన్నోవారు అన్నదే ఉంటుంది గాని ఖాళీల సంగతి ఉండదు.

ఆ టీచర్ గారు నాకు సోషల్ చెప్పారు. ఇప్పుడు ఎనభై దాటాయి, వీధిలో నన్ను చూస్తే ఇప్పటికీ ఒరేయ్ అంటారు. నేను బెంచీ మీద కూర్చుని ఉండగానే నాకు ఆబ్సెంట్ వేసిన మనిషి లోకంలో ఆవిడ ఒక్కరే. ఉన్నాను గదండీ అంటే, "నీ ఒళ్ళు వచ్చిందిరా, నువ్వు రాలేదు," అనేవారు.

బతికున్న మనిషికి సమాధి పెట్టె ఎలా గీస్తాం. ఖాళీని ఖాళీగానే వదిలాను. కానీ చేతులు ఊరుకోవు గదా. ఆ ఖాళీలో సరిపడా ఒక పెట్టె గీసి, లోపల "టీచర్ గారు – ఆబ్సెంట్" అని కొట్టాను. ఎన్నేళ్ళ బాకీయో అది. అంతటితో ఆగినా బాగుండేది. పెట్టెలో పైన ఒక స్మైలీ ముఖం కూడా పెట్టాను. వర్డ్‌లో ఆ ముఖానికి నోటి దగ్గర ఒక పసుపు చుక్క ఉంటుంది. దాన్ని పట్టుకుని పైకి జరిపితే నవ్వు కాస్తా ఏడుపు మూతి అవుతుంది. అలా జరిపాను. అచ్చం హోంవర్కు చూసేటప్పటి టీచర్ గారు.

పక్కన సెక్రటరీ గారు దగ్గారు. సమాధుల పటంలో ఒక పెద్దావిడ మీద జోకు. అప్పుడే డిలీట్ కొట్టి ఉండాల్సింది. కానీ నేను అల్లినదాన్ని నా చేత్తో చెరపడం నాకు ఏనాడూ చాతకాలేదు. పెట్టెకీ ముఖానికీ రంగు తీసేసి, గీత తీసేసి, అక్షరాలు తెల్లగా చేసి, అన్నిటి వెనక్కీ నెట్టేశాను. తెల్ల కాగితం మీద తెల్ల జోకు. ఉందని నాకు తప్ప ఇంకెవరికీ తెలియదు.

అసలు తప్పు ఆ తర్వాత చేశాను. పాత పటంలో సమాధులు వంకర టింకరగా ఉన్నాయి. ఒకటి దగ్గరగా, ఒకటి ఎడంగా. నేల మీద కూడా అంతే, తవ్విన రోజు వానా ఎండా చూసుకుని తవ్వినట్టున్నారు. తెర మీద అంత వంకర నేను భరించలేకపోయాను. షిఫ్టు పట్టుకుని ఐదో వరుసలో కనిపిస్తున్న పదకొండు పెట్టెల్నీ ఒక్కొక్కటే నొక్కి, అలైన్ బొత్తం కింద డిస్ట్రిబ్యూట్ అన్నాను. అది ఏం చేస్తుందంటే, రెండు చివర్లనీ కదలకుండా ఉంచి మధ్యవాటిని సమానమైన ఎడంతో సర్దేస్తుంది. ఒక్క నొక్కుతో పదకొండుమందీ బళ్ళో ప్రార్థనకి నిలబడ్డట్టు నిలబడ్డారు. టీచర్ గారి చోటు వాళ్ళ మధ్య తలా కాస్తా పంచుకుపోయింది. నేను గమనించలేదు. అందంగా ఉందని సంబరపడి మిగతా వరుసలన్నిటినీ అలాగే సర్దేశాను. కనిపించని పెట్టెను నొక్కలేదు కాబట్టి అది మాత్రం ఉన్నచోటనే ఉండిపోయింది.

పటం ప్రింటు తీసి, లామినేషన్ చేయించి, ఆఫీసు గదిలో మేకుకి తగిలించారు. పాతది బీరువా అడుగున పెట్టారు. ఒక వానాకాలం గడిచేసరికి దాన్ని చెదలు తినేశాయి.

ఈ ఏడు నవంబరులో వచ్చే సమాధుల పండగ దగ్గరపడుతోంది. ఆ రోజుకి అందరూ తమవాళ్ళ సమాధులకి సున్నం వేయించి, సాయంత్రం పూలూ కొవ్వొత్తులూ పెడతారు. పండగకి రెండు వారాల ముందు ఆదివారం, ఆరాధన అయ్యాక, టీచర్ గారు గొడుగు నేలకి ఆనించుకుంటూ ఆఫీసు గదికి వచ్చారు. తన చోటు చుట్టూ ఒక్క వరుస ఇటుక కట్టించుకుంటాననీ, తాపీ మేస్త్రిని మాట్లాడాననీ చెప్పారు. తర్వాత ఎవరూ మర్చిపోకుండా, కంటితో చూసి పోతానన్నారు. నేను అక్కడే ఆదివారం కరపత్రాలు సర్దుతున్నాను.

సెక్రటరీ గారు లేచి గోడ మీద పటం చూశారు. రిజిస్టరు తీశారు. మళ్ళీ పటం చూశారు.

"ఐదులో ఆరు మీవారండి. పక్కనే ఏడు. మధ్యలో చోటు లేదండి."

"లేకపోవడం ఏంటండీ. చదునుగా గడ్డి ఉంది గదా అక్కడ."

ఆయన ఓపిగ్గా చెప్పారు. ఏడోది మట్టి సమాధి. వెనకటికి పల్లెలు తిరిగి బైబిలు చెప్పిన ఒక పెద్దావిడది. అది కుంగిపోయి నేలలో కలిసిపోయింది, ఆ గడ్డి ఆవిడదే అయ్యుంటుంది. ఎనిమిదోదానికి ముందు ఇంకాస్త ఖాళీ ఉన్నట్టుంది, కావాలంటే అక్కడ కట్టించుకోవచ్చు.

టీచర్ గారు గొడుగు మొన గచ్చు మీద తిప్పుతున్నారు.

"అంటే ఇన్నేళ్ళూ మా ఆయన పక్కన వేరే ఆవిడ ఉందన్నమాట. నేనేమో పోయి పోయి ఆవిడకి అవతల పడుకోవాలి. మధ్యలో ఆవిడ, అటు ఆయన, ఇటు నేను. బాగుందండీ మీ కంప్యూటరు."

సెక్రటరీ గారు తల దించుకుని, కంప్యూటర్లో ఉన్నదే చెప్పానండీ అన్నారు. కరపత్రాల కట్ట నా చేతిలోంచి జారి గదంతా పరుచుకుంది. ఏం జరిగిందో నాకు ఆ క్షణంలోనే తెలిసిపోయింది. నోరు తెరిచాను. టీచర్ గారు నా వైపు తిరిగి, "ఏంటిరా, ఈవిడ మీద కూడా ఏదైనా కథ ఉందా," అన్నారు. లేదండీ అని కాగితాలు ఏరుకున్నాను.

సంఘం కమిటీ మళ్ళీ ఆదివారం కూర్చుంటుందనీ, అప్పుడు ఖాయం చేద్దామనీ అన్నారు. మధ్యలో ఏడు రోజులు.

ఆ ఏడు రోజులు నేను ఎక్కడా కుదురుగా కూర్చోలేదు. సోమవారం బళ్ళో ఎనిమిదో తరగతి టైంటేబుల్లో రెండు గడుల మధ్య ఖాళీ చూసి లేచి నిలబడ్డాను, తీరా అది లంచ్. మంగళవారం మధ్యాహ్నం తోటకి వెళ్ళి అడుగులేసి కొలిచాను. ఆరుకీ ఎనిమిదికీ మధ్య రెండు సమాధుల మేర ఉంది. ఒకటి ఆ బైబిలు పెద్దావిడది, ఒకటి టీచర్ గారిది. ఏది ఎవరిది అన్నది గడ్డి చెప్పదు. తవ్వి చూస్తే గాని తెలియదు, తవ్వి చూడటం ఎవరూ తలపెట్టే పని కాదు. ఆ వెనక్కి నెట్టిన తెల్ల పెట్టె ఒక్కటే చెప్పగలదు. అది చూపించడమంటే, ఎనభై దాటిన మా టీచర్ గారికి ఆవిడ సమాధి చోటు మీద నేను వేసిన ఎగతాళి చూపించడం.

బుధవారం సాయంత్రం ధైర్యం చేసి ఆవిడ ఇంటికి వెళ్ళాను. జంతికలు పెట్టారు. నేను కుర్చీలో ఇటు జరిగి, అటు జరిగి, జంతికను చుట్టు చుట్టూ విరిచి పళ్ళెంలో మళ్ళీ గుండ్రంగా పేర్చాను.

"ఏంట్రా కదులుతున్నావు, కుర్చీలో మేకులున్నాయా," అన్నారు.

చెప్పాలని నోరు తెరిస్తే కొర్రమేను కథ వచ్చింది. అది పాలకొల్లు నుంచి తిరిగొచ్చిందనీ, మొన్న మళ్ళీ బస్టాపులో చూశాననీ చెప్పాను. ఆవిడ నవ్వలేదు. గోడ మీద ఆయన ఫోటో వైపు చూస్తూ ఒక సంగతి చెప్పారు. ఆయనకి ఎడమ చెవి వినపడదు, పెళ్ళికి ముందు నుంచీ. నలభై ఏళ్ళు ఆవిడ ఆయనకి కుడి పక్కనే నడిచారు, కుడి పక్కనే కూర్చున్నారు, మంచం కూడా అటే. ఆ ఖాళీ ఆయన కుడి చేతివైపు ఉందనే అప్పటి అయ్యగారిని అడిగి మరీ ఉంచుకున్నారు.

"ఆవిడకి అవతల నుంచి కేకేస్తే వినపడుతుందా. పైగా నేను చెప్పేదంతా మధ్యలో ఆవిడ వింటుంది," అన్నారు.

నేను జంతికలు అన్నీ తినేసి వచ్చాను. ఏం తిన్నానో తెలియదు.

గురు, శుక్ర, శని. శనివారం నరసాపురం వెళ్ళే బస్సెక్కి, స్టాండులో దిగి, అదే బస్సెక్కి వెనక్కి వచ్చాను. ఎందుకు వెళ్ళావని కండక్టరు అడిగితే కూడా చెప్పడానికి కథ లేదు.

ఆదివారం ఆఫీసు గదిలో కమిటీకి అయ్యగారు, సెక్రటరీ గారు, ఇద్దరు పెద్దలు కూర్చున్నారు. అయ్యగారు ఈ మధ్యనే బదిలీ మీద వచ్చినవారు. టీచర్ గారు గుమ్మం దగ్గర కుర్చీలో, నేను గోడ వారగా స్టూలు మీద ఉన్నాం. సెక్రటరీ గారు విషయం చదివి ముగించగానే నేను లేచి నిలబడి, పటం తప్పండీ అన్నాను. చుక్కల గీతల పెట్టె సంగతీ, పెట్టెల్ని సమానంగా సర్దిన సంగతీ, చోటు ఎలా పంచుకుపోయిందో మొత్తం చెప్పాను. జీవితంలో మొదటిసారి ఒక్క ముక్క కలపకుండా చెప్పాను.

పెద్దల్లో ఒకాయన నవ్వాపుకోవడానికి మీసం నొక్కుకున్నాడు. "కంప్యూటరు చోటు మింగేసిందా. మరి ఆ కొర్రమేనుని అడిగితే ఏమంటుందో."

సెక్రటరీ గారు నవ్వలేదు. అదే ఇంకా కష్టంగా ఉంది. నా భుజం మీద చెయ్యేసి, "మీ టీచర్ గారంటే నీకు ప్రేమ తమ్ముడూ. కాదనను. కానీ రేపు ఇంకొకళ్ళు వచ్చి నాకూ పెన్సిలు గీత ఉండేదంటే నేనేం చెయ్యాలి," అన్నారు. అయ్యగారు మాత్రం, పాత పటం లేదు గాబట్టి ఇంకేదైనా ఆధారం ఉందా అని అడిగారు.

నేను గుమ్మం వైపు చూశాను. టీచర్ గారు నన్నే చూస్తున్నారు. చిన్నప్పుడు జవాబు తెలిసీ చెప్పకుండా కూర్చున్నప్పుడు అలాగే చూసేవారు.

"ఉందండి. ఆ ఫైలు ఒకసారి తెరవండి. నేను ముట్టుకోను. మీరే నొక్కండి."

సెక్రటరీ గారు అలవాటుగా నన్ను కిటికీలోంచి చూడమని, పాస్‌వర్డ్ కొట్టారు. ఫైలు వెతికారు. పక్కనే దాన్ని చివరిసారి మార్చిన తేదీ ఉంది, రెండేళ్ళ కిందటిది. తెరిచారు. ఆల్ట్ పట్టుకుని ఎఫ్ పది నొక్కమన్నాను. తెరకి కుడివైపు ఒక పట్టీ తెరుచుకుంది. పేజీలో ఉన్న ప్రతి బొమ్మ పేరూ అందులో వరుసగా ఉంటుంది, కనిపించేదైనా కనిపించనిదైనా. కిందికి, ఇంకా కిందికి, అన్నిటికన్నా అడుగున ఉన్న పెట్టె పేరు నొక్కమన్నాను. ఆయన నొక్కారు.

ఐదో వరుసలో, ఆరో పెట్టెకీ ఏడో పెట్టెకీ మధ్య, రెండిటి మీదికీ చెరి కొంచెం ఎక్కుతూ, నాలుగు మూలలా చుక్కలు వెలిగాయి. లోపల ఏమీ లేదు.

"రంగు పొయ్యండి," అన్నాను. ఆయన పసుపు పోశారు. అక్షరాలకి నలుపు పెట్టమన్నాను. పెట్టారు. దానిపైన ఉన్న ఇంకో పేరు నొక్కి దానికీ గీత పెట్టమన్నాను.

తెర మీద ఏడుపు మూతి ముఖం ఒకటి లేచింది. కింద అక్షరాలు. సెక్రటరీ గారు పోస్టుమాస్టరు అలవాటుకొద్దీ అడ్రసు చదివినట్టు పైకి చదివేశారు.

"టీచర్ గారు, ఆబ్సెంట్."

తోట అవతల చెరువుల్లో రొయ్యలకి గాలి కొట్టే చక్రాలు తిరుగుతున్న చప్పుడు వినిపించింది. ఆ నవ్విన పెద్దాయన మీసం వదిలేశాడు. నేను నేలకేసి చూస్తూ, ఆ ఖాళీ కొలతకే గీశానండీ, తప్పయిపోయింది, కానీ చోటు మాత్రం అదేనండీ అన్నాను.

"ఇది మాత్రం ఈయన ఇప్పుడు పెట్టింది కాదండి," అన్నారు సెక్రటరీ గారు అయ్యగారితో, నెమ్మదిగా. "పాస్‌వర్డ్ నాకు తప్ప ఎవరికీ తెలియదు. ఆ రోజు నేను పక్కనే ఉన్నాను. ఇలాంటి పని ఈయనే చేస్తాడు కూడా."

నన్ను ఊళ్ళో ఎవరైనా నమ్మడం అదే మొదలు. నమ్మింది నా మాటని కాదు, నా బుద్ధిని.

టీచర్ గారు గొడుగు ఊతంగా లేచి, కంప్యూటరు దగ్గరికి వచ్చి, కళ్ళద్దాలు సర్దుకుని, తెరకి అంత దగ్గరగా వంగి చూశారు.

"ఎప్పుడు గీశావురా ఇది."

"రెండేళ్ళయిందండి."

"రెండేళ్ళ నుంచీ ఆబ్సెంటా నేను. లీవు లెటర్ కూడా లేకుండా." ఆగి, ముఖాన్ని వేలితో చూపించారు. "ఆ మూతి ఏంటి అలా పెట్టావు. నాది అలా ఉంటుందా."

హోంవర్కు చూసేటప్పుడండీ అన్నాను. అబద్ధం చెప్పడానికి ఇక ఓపిక లేదు. దాన్ని మార్చడం వస్తుందా అని అడిగారు. నోటి దగ్గర పసుపు చుక్క పట్టుకుని జరపాలని చూపించాను. ఆవిడే మౌస్ పట్టుకున్నారు. మౌసు అలవాటు లేదు, చుక్క పైకీ కిందికీ పోతోంది, ముఖం ఒకసారి నవ్వుతోంది, ఒకసారి ఏడుస్తోంది. నాకు పక్కనుంచి చెయ్యేసి సర్దాలని అరచేతులు దురద పెట్టాయి. వీపు వెనక వేళ్ళు మెలేసుకుని నిలబడ్డాను. చివరికి నోరు దాదాపు తిన్నటి గీత అయ్యింది. ఆవిడ మౌస్ వదిలేశారు.

"నవ్వక్కర్లేదు. ఇలా చాలు."

అయ్యగారు చోటు టీచర్ గారిదేనని మినిట్స్‌లో రాయించారు. పెట్టెలో ఆ మాట తీసేసి రిజర్వు అని పెట్టమన్నారు. టీచర్ గారు ఒప్పుకోలేదు. ఉన్నదే రాశాడు గదండీ, ఇంకా కొన్నాళ్ళు ఆబ్సెంటే అన్నారు. అయ్యగారు నా వైపు చూసి, గోడ మీద తగిలించే ప్రతిలో రిజర్వు అనీ, ఫైల్లో ఆవిడ చెప్పినట్టూ ఉంచమన్నారు. ఫైల్లో మాట ఏదో ఒక రోజు నేనే మార్చాలి. ఆవిడ అది కూడా చెప్పారు, గుమ్మం దిగుతూ, వెనక్కి తిరక్కుండా.

"ఆ రోజు నువ్వు రారా. నీ ఒళ్ళు ఒక్కటే పంపకు."

నా పని అంతటితో తీరలేదు. ఐదో వరుసకైతే నా జోకు అడ్డుపడింది. మిగతా వరుసల్లో కూడా ఎన్ని చోట్లని అలా పంచిపెట్టేశానో నాకే తెలియదు, అక్కడ జోకులు లేవు. వారం నుంచీ బడి వదలగానే టేపు పట్టుకుని తోటలోకి వెళుతున్నాను. ఒక్కొక్క సమాధికీ పక్కదానికీ మధ్య ఎడం కొలిచి, ఎలా వంకరగా ఉంటే అలాగే రాసుకుంటున్నాను. సెక్రటరీ గారు అవతల కొస పట్టుకుంటున్నారు. ఆయన నాతో పెద్దగా మాట్లాడటం లేదు, కానీ కొస వదలడం లేదు.

నిన్న తాపీ మేస్త్రి వచ్చాడు. టీచర్ గారు ప్లాస్టిక్ కుర్చీ తెప్పించుకుని, గొడుగు వేసుకుని, తన చోట్లో తనే కూర్చున్నారు. పక్కన ఆయన సమాధికి కొత్త సున్నం. మేస్త్రి దారం కట్టి చూసి, ఆయనది కొంచెం పక్కకి తిరిగి ఉందమ్మగారూ, దాన్ని బట్టి కడితే మీది కూడా వంకర వస్తుంది, తిన్నగా లాగమంటారా అని అడిగాడు. ఆవిడ బదులు నేను ముందుకి వంగాను. దారం కొస ఒక్క జానెడు జరిపితే వరుస మొత్తం ఎంత బాగుంటుందో నా కళ్ళకి కట్టినట్టు కనిపించింది.

"ముట్టుకోకు," అన్నారు టీచర్ గారు.

నేను వెనక్కి వచ్చి చేతులు రెండూ జేబుల్లో పెట్టుకున్నాను. ఒక జేబులో టేపు ఉంది. మేస్త్రి మొదటి ఇటుక వంకరగా పెట్టేదాకా దాన్ని లాగుతూ, వదులుతూ నిలబడ్డాను.